మంచులో దాచిన మూడు జాతరలు

2021 డిసెంబరు ఐదో తేదీ, ఆదివారం, ఉదయం పదకొండు గంటల ఇరవై నిమిషాలకు గౌరమ్మ మొదటిసారి మా ఇంటి తలుపు తట్టింది. గడియారం చూసి తలుపు తీసే అలవాటు నాది, అందుకని ఆ నిమిషం గురించి నాకు అనుమానం లేదు. ఇన్నేళ్ళ తరువాత, ఇవాళ ఉదయం ఫ్రీజరులో పరిచి పెట్టిన నిమ్మకాయల పళ్ళెం బయటికి తీశాను. చల్లటి ఆవిరితో పాటు తొక్క వాసన ముఖానికి తగిలింది. ఎండలో ఉన్న కాయ వాసన మెత్తగా ఉంటుంది. గడ్డకట్టిన కాయ వాసన పదునెక్కి, ముక్కు లోపల సన్నటి గీత గీసినట్టు పోతుంది. అది తగిలినప్పుడల్లా గోనెసంచి తుంటికి ఆనించుకుని మా గుమ్మంలో నిలబడ్డ ఆ మనిషి గుర్తుకు వస్తుంది. ఆమెను చూడని వాళ్ళ కోసం ఇది రాస్తున్నాను.

నేను ఉండేది తమిళనాట హోసూరు పక్కన మత్తిగిరిలో, పశువుల ఫారం గోడకు రెండు వీధుల ఇవతల. హోసూరులో ఇంజన్ల విడిభాగాలు చేసే ఒక కంపెనీలో ముప్పై ఒక్క ఏళ్ళు స్టోర్సు గుమాస్తాగా పనిచేశాను. లోపలికి వచ్చిన ప్రతి లోహపు ముక్కనూ తూచి, కొలిచి, రిజిస్టరులో ఎక్కించడం నా పని. 2013లో రిటైరయిన వారానికి రెండు తలుపుల ఫ్రిజ్ కొన్నాను. ఒంటి మనిషికి అంత పెద్దది ఎందుకని అందరూ అడిగారు. ఎనిమిదేళ్ళ పాటు ఆ ఫ్రీజరులో ఐసు ట్రే ఒక్కటే ఉండేది.

గౌరమ్మ మా వెనక వీధిలో అద్దెకుండేది, ఒక ఫ్యాక్టరీ క్యాంటీనులో వంట చేసేది. నాకంటే నాలుగేళ్ళు పెద్ద. చదువు రాదు. సొంత ఊరు కృష్ణగిరి దారిలో ఉన్న గురుబరపల్లి. గొర్రెలు కాచుకున్న కుటుంబం. గొర్రెలు ఎప్పుడో పోయాయి. రోడ్డు పక్కన ఎకరం చేను, ఆ చేని గట్టున ఒక దబ్బచెట్టు మిగిలాయి. వీధిలో ఎదురుపడితే నవ్వుకోవడమే తప్ప అంతవరకు మేము కూర్చుని మాట్లాడుకున్నది లేదు.

"అమ్మా, నీ ఐసుపెట్టెలో నాకి రవ్వంత తావిస్తావా?" అంది.

"దేనికి గౌరక్కా?"

"ఈ దబ్బకాయలకి. మే నెల జాత్ర దాకా పెట్టుకోవల్ల."

"డిసెంబరులో కోసిన కాయ మే దాకా ఉంటాదా?"

"ఉండేట్టు చేస్తే ఉంటాది. నమ్మకం లేకుంటే రాసి పెట్టుకో. నువ్వు ఉప్పుకల్లు కూడా లెక్కబెడతావని వీధంతా చెప్తాండారు కదా."

కోపం రావలసింది, నవ్వు వచ్చింది. లోపలికి రమ్మన్నాను. సంచి విప్పితే నలభై ఆరు కాయలున్నాయి.

ఆ రోజే సంగతంతా చెప్పింది. వాళ్ళ ఊరి అమ్మవారి జాతర మే నెలలో వస్తుంది. ఆ రోజు ఒక్కో ఇంటికి ఒక్కో వంతు ఉంటుంది. ఒక ఇల్లు అంబలి పోస్తుంది, ఒక ఇల్లు పెరుగన్నం పెడుతుంది. చిత్రాన్నం గౌరమ్మ అత్తగారింటి పెద్దకోడలి వంతు. అందులో వేసే పులుపు సొంత నేల మీద కాసినదై ఉండాలి. కొన్న పులుపు అమ్మకు పెట్టకూడదు, అడిగి తెచ్చింది అసలే పెట్టకూడదు. వాళ్ళ చింతచెట్టు రోడ్డు వెడల్పు చేసినప్పుడు పోయింది. దబ్బచెట్టు చలికాలంలో కాస్తుంది, జాతర ఎండాకాలంలో వస్తుంది. రెండింటికీ మధ్య ఐదు నెలలు. ఉప్పులో ఊరేసి చూస్తే ఊరగాయ వాసన వచ్చిందట. ఎండబెడితే చేదెక్కిందట. ఒక ఏడు క్యాంటీనులో ఐసు గడ్డ చూస్తూ నిలబడితే ఆలోచన తట్టిందట. ఆ క్యాంటీను మూతపడి పెట్టె పోయింది కాబట్టి మా ఇంటికి వచ్చింది. వంతు ఒక ఏడు తప్పితే అది తోడికోడలు నంజమ్మకు పోతుంది. నంజమ్మ పెరట్లో చింతచెట్టు నిక్షేపంగా ఉంది. ఒకసారి చేయి మారిన వంతు వెనక్కు రాదు.

"నంజమ్మకి పోతే ఏమి? ఇంటిదే కదా," అన్నాను.

గౌరమ్మ నా వైపు చూసింది. "నేను పోయినంక నన్ను ఎవరు తలుచుకుంటారమ్మా? పొలం చిన్నది, పేరు లేదు. కుండ దించేటప్పుడు మాత్రం పూజారి 'ఇది పెద్దింటి కుండ' అని గట్టిగా అరస్తాడు. ఆ ఒక్క మాట కోసమే," అంది.

తరువాత ఆమె పని మొదలుపెట్టింది, నేను తూకం తీసుకుని కూర్చున్నాను. మొదటి కాయ చేతిలో పట్టుకుని, "మూడు వందలకి రవ్వ తక్కువ," అంది. తూచాను. రెండు వందల తొంభై. రెండోది నాలుగు వందల పది అంది, నాలుగు వందల ఐదు తూగింది. పన్నెండు కాయల వరకు పరీక్షించి తూకాన్ని పక్కన పెట్టేశాను. ఒక్కదాంట్లో కూడా పదిహేను గ్రాముల తేడా రాలేదు. ముప్పై ఒక్క ఏళ్ళు తూకాల మధ్య బతికిన నాకు అలాంటి చేయి ఒకటి ఉంటుందని అంతవరకు తెలియదు.

ప్రతి కాయనూ కడిగి, పాత నూలు చీర ముక్కతో తుడిచి, గాలికి పెట్టి, మళ్ళీ తుడిచింది. రవ్వంత తడి ఉన్నా తొక్క మీద మంచు పేరుకుని వాసన మింగేస్తుందట. పైన ఉన్న పసుపు పొరను మాత్రం సన్నగా తురిమింది, కింది తెల్ల పొరకు తురుముపీట తగలనివ్వలేదు. కాయను అడ్డంగా కోసి, గింజలు తీసి, మూడుసార్లు మాత్రమే పిండింది. నాలుగోసారి పిండితే ఇంకో చెంచాడు రసం వచ్చేది. "అది రసం కాదు, చేదు," అని చెక్కను పక్కకు వేసేసింది.

నేను సాయంగా పాత ఫ్రిజ్ తాలూకు అల్యూమినియం ట్రే తెచ్చాను. పద్నాలుగు గడులు, కొలిచినట్టు సమానంగా ఉంటాయి. గౌరమ్మ దాన్ని గోటితో గీకి చూసి తిరిగి నా చేతిలో పెట్టింది.

"దీంట్లో పులుపు పోస్తే నల్లగా అయితాదమ్మా. నువ్వు ఇనుము కంపెనీలో కదా పని చేసినావు?"

యాసిడ్ డబ్బాలను అల్యూమినియం అరలకు దూరంగా పెట్టాలని నా చేత్తో నేనే బోర్డు రాసి గోడకు తగిలించాను. ఆ సంగతి వంటింట్లోకి వచ్చేసరికి నాకు తట్టలేదు. ఆమెకు ఏ బోర్డూ లేకుండానే తెలుసు. చిన్న స్టీలు గిన్నెల్లో, కాయకొక గిన్నె చొప్పున రసం పోసి, అంచుకు వేలెడు వెలితి ఉంచి, ఒకదానికొకటి తగలకుండా ఫ్రీజరులో పేర్చింది. మర్నాడు సాయంత్రం గిన్నె అడుగున తడిగుడ్డ ఒత్తితే గడ్డలు ఒక్కొక్కటే జారి పడ్డాయి. లేత పసుపు రంగు, మధ్యలో మసక. పది పదిగా కవర్లలో వేసి గాలి లేకుండా మూతి కట్టింది. తురుముకు వేరే డబ్బా. ఆ పూటే నేను ఫ్రీజరు తలుపుకు ఒక కాగితం అతికించి గడ్డల సంఖ్య రాశాను. ఆమె కాగితం వైపు చూడలేదు.

2022 మే పదో తేదీ మంగళవారం జాతరకు నన్నూ తీసుకుపోయింది. హోసూరు బస్టాండుకు పోయేసరికి ఎండ కణకణలాడుతోంది. పన్నెండు గడ్డలను గిన్నెలో పెట్టి, గిన్నె చుట్టూ గొర్రెబొచ్చు కంబళి నాలుగు మడతలు చుట్టి ఒడిలో పెట్టుకుంది.

"కంబళి కప్పితే కరిగిపోతాది కదా, గౌరక్కా!" అన్నాను. నాకు నిజంగానే కంగారు పుట్టింది.

"కంబళి వేడి పుట్టిస్తాదనుకుంటివా? అది కాపలా అంతే. లోపల ఏముంటే దాన్నే కాస్తాది. చలికాలం మా మామ దీన్ని కప్పుకునేవాడు, ఎండాకాలం నీళ్ళకడవకు చుట్టేవాడు."

వెనక సీటులో ఒకామె తొంగి చూసి, "బిడ్డా?" అని తమిళంలో అడిగింది. "అవునమ్మా, ఐదు నెలల బిడ్డ," అని గౌరమ్మ తమిళంలోనే జవాబిచ్చింది. బస్సు రద్దీకి ఆగుతూ ఆగుతూ పోయింది. గురుబరపల్లిలో దిగి, నడిచి, కంబళి విప్పేసరికి ఇల్లు దాటి రెండు గంటల పది నిమిషాలయింది. అంచులు మాత్రం మెరుస్తున్నాయి. వేలితో నొక్కితే పన్నెండూ రాళ్ళలా ఉన్నాయి. నోరు తెరుచుకుని చూశానని ఒప్పుకుంటాను.

ఆరు పడుల బియ్యం వండి వార్చింది. తిరగవాత వేసి, పొయ్యి మీద నుంచి బాండలి దించాకే గడ్డలు వేసింది. పులుపును మంట మీద పెడితే మూలుగుతుందని ఆమె మాట. అన్నం కలిపి చివర తురుము చల్లగానే, మే నెల ఎండలో, ఊరి చావడి ముందు డిసెంబరు వచ్చి నిలబడింది. ఇంకెలా చెప్పాలో నాకు తెలియదు. వరసలో ఉన్న పిల్లలు తలలు తిప్పారు. పూజారి "ఇది పెద్దింటి కుండ" అని అరిచాడు. గౌరమ్మ కొంగు నిండుగా కప్పుకుని నేల వైపు చూస్తూ నిలబడింది.

ఏటా జాతరకు పోను మిగిలిన గడ్డలను ఆమె వీధిలో పంచేసేది. మరుసటి చలికాలం చెట్టు ఇరవై తొమ్మిది కాయలే ఇచ్చింది. ఆ మరుసటి చలికాలం, 2023 డిసెంబరు పదో తేదీన, సంచి నిండా నలభై ఒక్క కాయలు తెచ్చి కింద పెట్టింది. బాగా కాసిందని సంతోషపడబోయాను.

"ఆకులు రాలిపోయినాయి. కొమ్మలు బెరడు వదిలేస్తాండాయి. అయినా ఇన్ని కాసిందంటే దానికి తెలిసిపోయినట్టేనమ్మా," అంది.

చేని మరో మూల, పాత చెట్టు గింజ నుంచే మొలిచిన మొక్క ఒకటి ఉంది. మోకాలు దాటి ఎదిగింది. గింజ మొక్క కాపుకు రావడానికి ఇంకా మూడేళ్ళు పడుతుందని ఆమె అంచనా. అంటే మూడు జాతరలు. జాతరకు పన్నెండు గడ్డల చొప్పున ముప్పై ఆరు. పైన నాలుగు, అటూ ఇటూ అయితే ఉండనీ అని. కాయలు కోస్తున్నప్పుడే ఇదంతా లెక్క కట్టేసుకుంది. ఒక కాయ పుచ్చుపోయి, కచ్చితంగా నలభై గడ్డలు వచ్చాయి. నేను కాగితం మీద కూడి, భాగించి, చూసి, తల ఎత్తాను.

"మూడో ఏటికి రుచి ఉంటాదా?"

"మొదటి ఏడు వాసన ఉంటాది. రెండో ఏడు సగం. మూడో ఏడు ఉత్త పులుపే. అమ్మకి కావలసింది మా నేల పులుపు, అది పోదు."

చచ్చిపోతున్న చెట్టుకూ ఇంకా కాయని మొక్కకూ మధ్య ఆమె మంచుతో వంతెన కట్టింది. ఆ వంతెన మా ఇంట్లో, నా వంటింట్లో ఉంది. నా జీవితంలో నాకు అప్పగించిన సరుకుల్లో అంత బరువైనది ఇంకోటి లేదు.

2024 ఏప్రిల్‌లో గౌరమ్మ కంటి ఆపరేషనుకు కృష్ణగిరిలో ఉన్న కూతురింటికి పోయింది. పోయే ముందు ఒకే మాట చెప్పింది. "కరెంటు పోతే తలుపు తెరవొద్దు. ఎంతసేపు పోయినా సరే. దాని పాటికి దాన్ని వదిలెయ్."

ఇరవై మూడో తేదీ, మంగళవారం, ఉదయం పది గంటల నలభై నిమిషాలకు మా వీధి ట్రాన్స్‌ఫార్మర్ కాలిపోయింది. మర్నాటికి గాని కొత్తది రాదని లైన్‌మన్ చెప్పాడు. నేను ఆమె మాట మరిచిపోలేదు. కానీ స్టోర్సులో నాకు ఒక పద్ధతి ఉండేది. సరుకుకు ప్రమాదం ఉన్నప్పుడు గంటగంటకూ నిలువ చూసి రాయాలి. చూడకుండా రాసిన లెక్క అబద్ధపు లెక్క. ముప్పై ఒక్క ఏళ్ళు ఆ పద్ధతి నన్ను ఒక్కసారి కూడా మోసం చేయలేదు. పదకొండు నలభైకి తలుపు తెరిచి, కవర్లు బయటికి తీసి, ఒక్కొక్క గడ్డనూ నొక్కి చూశాను. నలభై, గట్టి. రాశాను. పన్నెండు నలభైకి మళ్ళీ. నలభై, గట్టి. రాసినప్పుడల్లా మనసు కుదుటపడేది. తెరిచిన ప్రతిసారీ చల్లదనం నా పాదాల మీదుగా జారిపోవడం తెలుస్తూనే ఉంది. అయినా తెరిచాను. సాయంత్రానికి అంచు గడ్డలు మెత్తబడ్డాయి. అప్పుడైనా ఆగవలసింది. మెత్తబడ్డాయి కాబట్టి ఇంకా జాగ్రత్తగా చూడాలనుకున్నాను. రాత్రి ఎనిమిది నలభై దాకా గంటకొకసారి, మర్నాడు ఆరు నుంచి మళ్ళీ గంటకొకసారి. బుధవారం సాయంత్రం నాలుగుంబావుకు కరెంటు వచ్చేసరికి నా పుస్తకంలో ఇరవై ఒక్క వరసలు ఉన్నాయి. అన్నీ సరైన లెక్కలే. ఆఖరి వరస: గట్టి, మూడు. ద్రవం, ముప్పై ఏడు.

కరిగిన రసాన్ని మళ్ళీ గడ్డ కట్టించాను. ఆదివారం గౌరమ్మ నల్లకళ్ళద్దాలతో వచ్చింది. జరిగింది చెప్పాను. ఆమె ఒక కొత్త గడ్డను నాలుకకు తాకించి గిన్నెలో పడేసింది.

"చేదు ఎక్కింది. కరిగి నిలిచిన దబ్బరసం ఇంతే. అమ్మకి పులుపు పెట్టొచ్చు, చేదు పెట్టకూడదు," అంది. తరువాత, "ఎన్నితూర్లు తెరిచినావు?"

"ఇరవై ఒకటి."

"ఇంకొకరైతే రెండు తూర్లు అని చెప్పేవాళ్ళు."

చేదెక్కిన రసంతో మా ఇత్తడి బిందెలూ తనవీ తోమింది. బిందెలు తళతళలాడుతుంటే నేను తల ఎత్తలేకపోయాను. నిమ్మకాయలు కొని కలుపుదాం, ఎవరికి తెలుస్తుంది అని నేనే అన్నాను. నా నోటి నుంచి అలాంటి మాట రావడం అదే మొదలు, అదే ఆఖరు.

"నీకి తెలుస్తాది కదమ్మా. నువ్వు రాసుకుంటావు కదా," అంది గౌరమ్మ.

మే ఏడో తేదీన మూడు గడ్డలు కంబళిలో చుట్టుకుని పోయాము. పడిన్నర బియ్యం, అంతే. ఆరు పడులు పట్టే కుండ అడుగున ఆ అన్నం చేతి మందం ఉంది. నంజమ్మ వచ్చి కుండలోకి తొంగి చూసింది.

"ఏమి గౌరక్కా, ఈ ఏడు అమ్మకి మాత్రమేనా? ఊరికి లేదా?"

"ఊరికి వాసన చాలు నంజా. పీల్చుకోని పో."

చుట్టూ ఉన్నవాళ్ళు పకపకా నవ్వారు. నంజమ్మ కూడా నవ్వింది. తప్పు నాదని చెప్పడానికి నేను ముందుకు కదిలాను. గౌరమ్మ నా చేయి పట్టి వెనక్కు లాగింది. "తలుపు ఎవరు తెరిస్తే ఏమి? కాయ నాది," అని నాకు మాత్రమే వినిపించేట్టు అంది. పూజారి "ఇది పెద్దింటి కుండ" అని అరిచాడు. తలకు ఒక చిటికెడు చొప్పున వంద మందికి పైగా పంచింది. ఎవరికీ లేదనలేదు. ఆ చిటికెడులో చెట్టు మొత్తం ఉంది. కళ్ళు మూసుకుని తిన్న ముసలివాళ్ళను చూశాను.

ఆఖరి చిటికెడు అయిపోయాక ఆమె కుండ కడిగి, బోర్లించి ఆరబెట్టి, తీసుకుపోయి నంజమ్మ చేతుల్లో పెట్టింది.

"వచ్చే ఏటికి నా దగ్గర పులుపు లేదు. నీ చింతపండు వేసి చెయ్యి. అన్నం వేడిగా ఉన్నప్పుడు కలపొద్దు, ముద్దైపోతాది."

నంజమ్మ ఏడ్చింది. గౌరమ్మ ఏడవలేదు. తిరిగి వచ్చే బస్సులో కంబళి మడత పెట్టి తల కింద పెట్టుకుని హోసూరు దాకా నిద్రపోయింది. నేను ఆమె ముఖాన్నే చూస్తూ కూర్చున్నాను. అంత పెద్ద వస్తువును అంత తేలికగా దించిన చేతులు నేను ఎక్కడా చూడలేదు. ఆ రోజు నాకు కలిగినది జాలి కాదు. కొండ కింద నిలబడి పైకి చూసినప్పుడు కలిగేది.

ఆ డిసెంబరులో కూడా ఆమె మా ఇంటికి వచ్చి, మార్కెట్టులో కొన్న నిమ్మకాయలు తుడిచి, తురిమి, మూడుసార్లు మాత్రం పిండి గడ్డలు కట్టింది. నేను ఫ్రీజరు తలుపు తెరిచిన సంగతి మాత్రం ఎప్పుడూ ఎత్తిపొడవలేదు. పోయిన ఏడు కార్తీకంలో, నాలుగు రోజుల జ్వరంతో పోయింది. ఇప్పుడు గడ్డలు నేనే కడుతున్నాను. కరెంటు పోతే ముందు గదిలోకి పోయి కూర్చుంటాను. చేతులు ఊరికే ఉండవు, ఒకదాన్ని ఒకటి పట్టుకుంటాను. చూడకుండా ఉండడం కూడా ఒక పనేనని, అది అన్నింటికంటే కష్టమైన పనని అరవై తొమ్మిదో ఏట నేర్చుకున్నాను. తలుపు మీద కాగితం తీసేశాను.

ఆనాటి పుస్తకం ఆఖరి పేజీ మాత్రం నేను పూర్తి చేయలేదు. ఇక్కడ పూర్తి చేస్తున్నాను.

పోయినవి: దబ్బరసపు గడ్డలు ముప్పై ఏడు. అందులో 2024 జాతరవి తొమ్మిది, 2025 జాతరవి పన్నెండు, 2026 జాతరవి పన్నెండు, అదనంగా పెట్టుకున్నవి నాలుగు. పెద్దింటి వంతు ఒకటి.